వేరేవాళ్ల ఉత్తరం

లామినేటర్ వేడెక్కితే ఒక వాసన వస్తుంది, కాలీ కాలని ప్లాస్టిక్ వాసన. డిసెంబర్ నెలాఖరు శనివారాల్లో, దేశంకాని దేశంలో, క్యారీ అనే ఊళ్లోని మా ఇంట్లో, భోజనాల బల్ల మీద ఆ యంత్రం పెట్టుకుని కూర్చుంటాను. కొత్త సంవత్సరం మొదటి ఉదయం మా తెలుగు ఫెలోషిప్‌లో ప్రతి ఒక్కరూ పళ్లెంలోంచి ఒక కార్డు తీసుకుంటారు. దాని మీద ఒక బైబిల్ వాక్యం ఉంటుంది. ఆ ఏడాదికి అదే తమకు దేవుడిచ్చిన వాగ్దానమని నమ్మకం. ఆ కార్డు ఫ్రిజ్ తలుపు మీదికో, కారు అద్దం కిందికో, పర్సులోకో చేరుతుంది. వాటిని తయారుచేసే పని ఎలాగో నా నెత్తిన పడింది. విచిత్రమేమిటంటే, ఈ వాసన తగలగానే నాకు గుర్తొచ్చేది ఆ కార్డులంటేనే ఒళ్లు మండిపోయే సువార్త ఆంటీ.

ఆవిడది నరసాపురం వైపు. ఇక్కడ ఒక మందుల కంపెనీ ల్యాబ్‌లో కెమిస్టుగా పనిచేసి రిటైరయ్యాక, ఊరుకోకుండా పాస్టర్లు చదువుకునే సెమినరీలో సాయంత్రం క్లాసులకు వెళ్లి గ్రీకు నేర్చుకున్నారు. ప్రార్థనలో మోకాళ్ల మీద ఎంత ఏడ్చేవారో, ఒక మాటకు సరైన అర్థం ఏమిటని మాతో అంత పోట్లాడేవారు. చదువు వేరు, భక్తి వేరు అని మా పెద్దలు గీసిన గీత ఆవిడకు కనబడేది కాదు. కొందరు ఆవిడను చాటున ‘డిగ్రీ ఉన్న అవిశ్వాసి’ అనేవారు. ఆ సంగతి ఆవిడకు తెలుసు. నవ్వి ఊరుకునే రకం కాదు, బాధపడేవారు.

బుధవారం సాయంత్రాలు ఆవిడ ఇంట్లో బైబిల్ స్టడీ. క్రీస్తు పంపిన అపొస్తలులు తొలినాటి క్రైస్తవ సంఘాలకు రాసిన పత్రికలే, అంటే ఉత్తరాలే, చదివేవాళ్లం. పద్ధతి ఒక్కటే. ఆ వేళ ఏ పత్రిక అనుకుంటే దాన్ని మొదటి నుంచి చివరి దాకా ఒకరు నిలబడి పైకి చదవాలి. మిగతావాళ్లు పుస్తకాలు మూసేయాలి, ఫోన్లు వంటింట్లో పెట్టిరావాలి. మధ్యలో ఆపకూడదు, అర్థాలు చెప్పకూడదు. ఆ తొలి రోజుల్లో ఎవరింట్లోనో జనం కిక్కిరిసి కూర్చుంటే ఒకరు లేచి అలాగే చదివేవారని ఆవిడ చెప్పేవారు. చదవడం అయ్యాక తల మీది పైట సర్దుకుని ఒక్కొక్కరినీ ఒకే ప్రశ్న అడిగేవారు.

నేను అప్పుడు మాస్టర్స్ చేస్తూ అనిత అక్క, సుధీర్ బావల ఇంట్లో ఉండేవాణ్ని. మొదటి బుధవారమే నా వంతు వచ్చింది.

“నువ్వు చెప్పు కిరణ్. ఈ ఉత్తరం చదువుతుంటే ఆ గదిలో నువ్వెక్కడ కూర్చున్నావు?”

సండే స్కూల్ కంఠస్థం పోటీల్లో ప్రైజులు కొట్టినవాణ్ని. ప్రశ్న అర్థం కాకపోయినా ఆ పత్రికలోంచి ఒక వాక్యం గడగడా అప్పజెప్పి, “ఇది అచ్చం నాకోసమే రాసినట్టుంది ఆంటీ,” అన్నాను.

“నీకోసం రాయలేదు నాయనా. అందులో నీ పేరు లేదు, నీ ఊరు లేదు. మనం చదివేది వేరేవాళ్ల ఉత్తరం. ముందు ఆ సంగతి మర్యాదగా ఒప్పుకో. వాళ్ల కష్టమేమిటో విను. ఆ తర్వాత దేవుడు నీతో మాట్లాడతానంటే మాట్లాడనీ.”

నాకు తల కొట్టేసినట్టయింది. ముందు వరుసలో కూర్చున్నానని ఏదో చెప్పి తప్పించుకున్నాను. “అందరూ ముందు వరుసే అంటారు,” అని ఆవిడ పక్కవాళ్ల వైపు తిరిగారు.

ఫెలోషిప్‌లో పాటలు ఎత్తుకునేది మా బావే. అద్దెకు తీసుకున్న హాల్లో మైకు పాడైన రోజున కూడా ఆయన గొంతు చివరి కుర్చీ దాకా వినబడేది. ఒక డిసెంబర్‌లో ఆయన మెడలో గడ్డ కనబడింది. బయాప్సీలో క్యాన్సర్ అని తేలింది. జనవరి చివరికి సర్జరీ డేట్ ఇచ్చారు. త్వరగా తీసేస్తే ప్రాణానికి భయం లేదని, ఆలస్యం చేస్తే పాకుతుందని సర్జన్ చెప్పింది. గడ్డ మాట పలికించే నరాన్ని ఆనుకుని ఉందని కూడా చెప్పింది. ఆ రెండో మాట విన్నప్పటి నుంచి బావ ఇంట్లో కూనిరాగం తీయడం మానేశాడు.

కొత్త సంవత్సరం ఉదయం ఆయన పళ్లెంలోంచి తీసిన కార్డులో, బలమిచ్చేవాడు తోడుంటే తాను సమస్తం చేయగలనని అపొస్తలుడు రాసిన వాక్యం వచ్చింది. బావ సరాసరి మైకు దగ్గరికి వెళ్లాడు. “నాకు ప్రామిస్ వచ్చేసింది. సర్జరీ పోస్ట్‌పోన్ చేస్తున్నాను. దేవుడే ముట్టుకుని బాగుచేస్తాడు,” అన్నాడు. హాలంతా చప్పట్లు. ఒక పెద్దాయన వచ్చి కావలించుకుని, “ఇదీ విశ్వాసమంటే బ్రదర్!” అన్నాడు. మా అక్క మాత్రం చేతులు ఒడిలో పెట్టుకుని కూర్చుంది. ఇంటికి వచ్చేటప్పుడు బావ ఆ కార్డును కారు అద్దం కింద నిలబెట్టాడు.

మర్నాడు అక్క నన్ను కారు తీయమంది. సువార్త ఆంటీ ఇంటికి వెళ్లాం. అక్క గుమ్మంలోనే ఏడ్చేసింది. “ఆయన మీ మాటే వింటారు ఆంటీ. శుక్రవారంలోపు హాస్పిటల్‌కి కన్ఫర్మ్ చేయకపోతే స్లాట్ పోతుంది. మీరే చెప్పండి.”

ఆవిడ అక్కను పట్టుకుని చాలాసేపు వదల్లేదు. చివరికి, “నేను వాదిస్తే ఆ కార్డు ఇంకా గట్టిగా పట్టుకుంటాడమ్మా. బుధవారం తీసుకురా. ఆ వాక్యం ఉన్న పత్రికే చదువుదాం,” అన్నారు.

నాకు ఒళ్లు మండిపోయింది. ఇంట్లో మనిషి ప్రాణం మీదికి వస్తే ఈవిడ స్టడీ పెడతానంటారేమిటి? “చదివి ఏం చేస్తాం ఆంటీ?” అన్నాను కటువుగానే. ఆవిడ కోప్పడలేదు. “నాకూ తెలియదు కిరణ్. నాకు చేతనైంది ఇదొక్కటే,” అన్నారు.

బుధవారం బావ హుషారుగానే వచ్చాడు. తన కార్డు గురించే స్టడీ అని ఆయనకు సంతోషం. ఆంటీ ఆయన చేతికే పుస్తకం ఇచ్చి చదవమన్నారు. జైల్లో ఉన్న ఆ అపొస్తలుడు, దూరాన తనను మరిచిపోని సంఘానికి రాసిన ఉత్తరం అది. బావ గొంతులో అది నిజంగా హాయిగా ఉంది. నాలుగు అధ్యాయాల్లో కార్డు మీది వాక్యం చివరిదాంట్లో వస్తుంది. రెండో అధ్యాయం చివర ఇంకో మనిషి వస్తాడు. ఆ సంఘం పంపిన కానుకలు మోసుకుని జైలు దాకా వెళ్లి, అక్కడ జబ్బుపడి, చావు అంచు దాకా వెళ్లి బతికినవాడు. అతని గురించి చదువుతూ చదువుతూ బావ ఆగిపోయాడు. ఆపకూడదన్నది నియమం. అక్క నా మోచెయ్యి పట్టుకుంది, గోళ్లు దిగాయి. కాసేపటికి బావ మళ్లీ అందుకున్నాడు. తన వాక్యం వచ్చినప్పుడు దాన్ని నొక్కి పలకలేదు, మిగతా వాక్యాల్లాగే చదివేశాడు.

“ఎక్కడ కూర్చున్నావు సుధీర్?”

“ఆ జబ్బు చేసినాయన పక్కన. ఆయన బాగయ్యాడు కదా ఆంటీ. మరి నాకూ అదే ప్రామిస్ కదా?”

“బాగయ్యాడు. కానీ బాగవుతావని ముందే ఎవరూ ఆయన చేతిలో కార్డు పెట్టలేదు. పక్కనున్న అపొస్తలుడికే తెలియదు. ఈ మనిషి పోతే నేనెలా తట్టుకోనని భయపడ్డాడు. భయపడ్డానని దాచకుండా రాసి పంపాడు. ఆయనకు విశ్వాసం తక్కువంటావా?” ఆవిడ కళ్లజోడు తీసి ఒళ్లో పెట్టుకున్నారు. “ప్రామిస్ సంగతి తర్వాత చూద్దాం. ముందు నీ భయమేమిటో చెప్పు.”

బావ పుస్తకం మూశాడు. “గొంతు పోతుందని. పాట లేకపోతే నేనెవర్ని ఆంటీ?”

ఆ మాట అక్కకు కూడా చెప్పలేదు ఆయన. అక్క లేచి వెళ్లి ఆయన ముందు నేల మీద కూర్చుంది. “నాకు నువ్వు కావాలి. పాడకపోయినా ఫర్వాలేదు, నువ్వుండు చాలు.”

బావ ఆంటీ వైపే చూస్తున్నాడు. “గొంతుకేం కాదని ఒక్క మాట చెప్పండి. రేపే ఫోన్ చేస్తాను.”

ఆవిడ ఆ ఒక్క మాట చెప్పేస్తే బాగుండునని మనసులో ఎంత మొక్కుకున్నానో! ఆవిడ కళ్ల వెంట నీళ్లు కారుతున్నాయి. “చెప్పలేను నాయనా. చెప్తే నేనూ నీకు ఇంకో కార్డు ఇచ్చినట్టే.”

మర్నాడు పొద్దున్నే బావ హాస్పిటల్‌కి ఫోన్ చేశాడు. కానీ ఆయన మాకెవరికీ చెప్పకుండా ముందే వద్దని చెప్పేయడంతో ఆ స్లాట్ ఎవరికో వెళ్లిపోయింది. ఫిబ్రవరిలో ఇంకోటి దొరికేదాకా ఇంట్లో అందరమూ ఆయన మెడ వైపు చూడనట్టు నటిస్తూ చూశాం. సర్జరీలో గడ్డంతా తీసేశారు. గడ్డతో పాటు నరమూ కొంత పోయింది. మొదట గుసగుస, తర్వాత బొంగురు, అంతకు మించి రాలేదు. విశ్వాసం సడలింది కాబట్టే ఇలా అయిందని ఫెలోషిప్‌లో అన్నవాళ్లు అన్నారు. బావ బుధవారాలు మానేశాడు. ఆంటీ సగ్గుబియ్యం జావ చేసి తెచ్చి గుమ్మం దగ్గర పెట్టి వెళ్లేవారు. ఆయన తాగేవాడు, ఎవరు తెచ్చారని మాత్రం అడిగేవాడు కాదు.

ఎండలు ముదిరాక ఒక బుధవారం, పిలవకుండానే నా కారెక్కాడు. ఆంటీ తలుపు తీసి, పుస్తకం తెచ్చి చేతికిచ్చారు.

“ఈ గొంతుతోనా?” అన్నాడు బావ.

“ఆ ఉత్తరం తన ఊరికి మోసుకొచ్చింది జబ్బు నుంచి లేచిన ఆ మనిషే అంటారు. ఆ గదిలో మొదట చదివింది కూడా ఆయనేనేమో. ఆయన గొంతు ఎలా ఉండి ఉంటుందనుకున్నావు?”

బావ చదివాడు. మేం వినడానికి ముందుకు వంగాల్సి వచ్చింది.

సువార్త ఆంటీ కిందటేడాది పోయారు. ఆవిడ గ్రీకు నాకు అబ్బలేదు, ఆవిడ ప్రార్థన అంతకన్నా అబ్బలేదు. కానీ ఎవరైనా ఏదైనా చెప్పుకుంటుంటే, అది నా గురించి కాదని ముందు ఒప్పుకుని వినడం కొంచెం వచ్చింది. కార్డులు ఆగలేదు, ఆపడం నా తరం కాదు. ప్రతి కార్డు వెనకా అది ఏ పత్రికలోదో వేసి, మొత్తం చదవమని ఒక ముక్క చేరుస్తాను, అంతే. కొత్త సంవత్సరం ఉదయం పళ్లెం తిప్పేముందు బావ లేచి ఆ జైలు ఉత్తరం చివరిదాకా చదువుతాడు. పిల్లలు కుర్చీల్లో మెసులుతారు. పెద్దలు గడియారం చూసుకుంటారు. మైకు పెదవులకు ఆనించుకున్నా ఆ గొంతు సగం హాలు దాటదు.

నేను ముందు వరుసలో కూర్చోవడం మానేశాను. ఆ గదిలో తలుపు దగ్గర కూర్చున్నాను ఆంటీ, చావు దాకా వెళ్లి ఇంటికి తిరిగొచ్చిన మనిషి ఆ ఉత్తరంతో లోపలికి వస్తుంటే ముందు చూసేది నేనే కావాలని.