హెడ్‌మాస్టరు కోట గోడ

డెబ్భైల మధ్యలో సంతోష్‌నగర్‌లోని ఒక చిన్న ప్రైవేటు స్కూల్లో నేను సోషల్ చెప్పేదాన్ని. మా హెడ్‌మాస్టరు ఏదో ట్రైనింగని బ్రిటన్ వెళ్లి మూడు నెలలుండి వచ్చాడు. అక్కడ ఒక ఆదివారం ఉత్తర వేల్స్‌లో కోటలు చూశాడట. ఆ ఒక్క ఆదివారంతో మమ్మల్ని రెండేళ్లు వేపుకు తిన్నాడు.

ప్రతి శనివారం స్టాఫ్ రూములో స్లైడ్లు వేసేవాడు. ఏడొందల ఏళ్ల కిందట ఇంగ్లండు రాజు వేల్స్‌లోని గ్వినెడ్ అనే సీమ మీదికి దండెత్తాడు. అక్కడి రాజు పోరులో చచ్చాడు, అతని తమ్ముణ్ణి పట్టుకుని చంపించారు. సముద్రపు ఒడ్డున కోటలు లేచాయి. కోటల పక్కన కొత్త ఊళ్లు కట్టి ఇంగ్లీషువాళ్లను తెచ్చిపెట్టారు. ఆ మట్టిలో పుట్టినవాళ్లకు మాత్రం ఆ ఊళ్లలో చోటు లేదు. ఇది చెప్తున్నప్పుడు మా హెడ్‌మాస్టరు తనే గెలిచినట్టు పొంగిపోయేవాడు. మొరటు జనానికి క్రమశిక్షణ నేర్పారని మెచ్చుకునేవాడు. తెల్లవాళ్లు పోయి ఇన్నేళ్లయినా ఈయన ఇంకా వాళ్ల బూట్లు తుడుస్తున్నాడని నాకు ఒళ్లు మండేది. నోరు మాత్రం విప్పలేదు.

చివరికి స్కూలుకూ కోట గోడ కావాలన్నాడు. పైన పళ్ల వరసలాంటి అంచు, మూలకో బురుజు. ఫలక్‌నుమా నుంచి ఒక ముసలి మేస్త్రీని పిలిపించాడు. వెనక బస్తీ ఆడవాళ్లు నల్లా నీళ్లకు మా ఆవరణలోంచే నడిచేవారు. ఆ దారి మూసెయ్యమన్నాడు. చిన్న దర్వాజా పెడదామని మేస్త్రీ అంటే, వేల్స్ చరిత్ర మొత్తం వినిపించి, కోటకు దొడ్డిదారులుండవన్నాడు.

ముసలాయన ఓపికగా విన్నాడు. "మరి సాబ్, కోట కట్టినంక గా ఊరోళ్లు యాడికి పోయిన్రు?"

అది నీకెందుకు, చెప్పింది చెయ్యమన్నాడు హెడ్‌మాస్టరు.

"గట్లయితే నాతోని కాదు. ఇంకొకలను చూస్కోండ్రి," అని మేస్త్రీ తాపీ సంచిలో వేసుకుని వెళ్లిపోయాడు.

ఇంకో మేస్త్రీ వచ్చి దారి మూశాడు. బస్తీ ఆడవాళ్లు పదిరోజులు చుట్టు తిరిగి నల్లాకు వెళ్లారు. పదకొండో రోజు పొద్దున గునపాలతో వచ్చి, మనిషి పట్టేంత మేర గోడ పడగొట్టారు. కోటల గురించి అంత గొంతు చించుకున్న మనిషి తన గది లోపల గడియ పెట్టుకుని, బయటికి వెళ్లి నచ్చజెప్పమని నాకు చీటీ పంపాడు.

వెళ్లాను. గునపం పట్టుకున్నావిడ నన్ను ఎగాదిగా చూసింది.

"దారి మూస్తుంటే నువ్వు గూడ చూసుకుంట ఊకున్నవా, టీచరమ్మా?"

ఊరుకున్నానని ఒప్పుకున్నాను. ఆమె నన్ను పక్కకు జరగమని చెయ్యి ఊపింది. జరిగాను. ఆ సందును మళ్లీ ఎవరూ మూయలేదు.