రెండు కొట్టగానే భూమయ్య

భూమయ్య కాపలాదారు. కాపలా వేళకు నిద్రపోవడం ఆయన అలవాటు. అలాగని ఎప్పుడుపడితే అప్పుడు కునుకు తీసే మనిషి కాడు. నిద్రకు ఏడాదికో టైం ఉంటుంది. కిందటేడు ఉదయం పదకొండు, ఈ ఎండాకాలం మధ్యాహ్నం రెండు. ఒంటిగంటా యాభై తొమ్మిదికి జోలపాడినా ఆయనకు నిద్ర రాదు.

కాపలా దేనికంటారా? మా హైదరాబాదులో పేటకో సంఘం ఉంది. బషీర్‌బాగ్ వాళ్లు నీడను కాస్తారు. గౌలిగూడ వాళ్లు వాన వాసనను కాస్తారు. మా అబిడ్స్, నాంపల్లి సంఘానిది చల్లగాలి. ఉన్నది ఒకటే గాలి, అబిడ్స్‌లో చెప్పుల దుకాణం మీది గదిలో ఉంటుంది. జూన్‌లో మబ్బుల్ని నగరం మీదికి లాక్కొచ్చేది అదే కనక, అందాకా దాన్ని బయటికి పోనివ్వకూడదని రూలు. తాళాలను అది లెక్కచేయదు. డ్యూటీలో ఉన్న కాపలావాడి కళ్లు తెరిచి ఉంటే మాత్రం గడప దాటదు.

నా పేరు పరశురాం, ఆ సంఘానికి కార్యదర్శిని. రెప్ప వేయకుండా కాపలా కాయడంలో నన్ను మించినవాడు లేడని నా నమ్మకం. ఈ నమ్మకానికి నెలకు రెండు సీసాల కళ్లచుక్కలు పట్టేవి. "అప్పుడప్పుడు రెప్ప వేస్తే ఏమవుతుందయ్యా?" అని డాక్టరు అడిగితే, "సంఘం పరువు పోతుంది సార్" అన్నాను. ఆయన మూడో సీసా రాశాడు.

పగటి డ్యూటీ భూమయ్యది, సాయంత్రం డ్యూటీ నాది. నేను కాస్త ముందే వెళ్లి ఆయనతో పోట్లాడేవాణ్ని.

"కాకా! గాలి వోయింది!"

"యాడికి వోతది? నాల్గింటికి వాపస్ వస్తది తియ్."

"నువ్వు కాపలా మనిషివి కాకా!"

"ఔ. గందుకే కుర్చీల పండుకున్న. లేకుంటే మంచమేసుకుందును."

రెండింటికి ముందు చాయ్ పోయించాను. తన కప్పూ నా కప్పూ తాగేసి గురక పెట్టాడు. అలారం గడియారం తెచ్చి పక్కన పెడితే తెగ సంతోషించాడు. "మంచి పని జేసినవ్ బిడ్డా. జర నాల్గింటికి వెట్టు" అన్నాడు.

ఇక లాభం లేదని మా అధ్యక్షురాలు సుబ్బరత్నం గారికి ఫిర్యాదు రాశాను. ఆవిడ కళ్లజోడు సవరించుకున్నారు. "గాలి ఎక్కడికి పోతోందో కనిపెట్టి రండి. రేపు సాయంత్రం మీటింగులో తేల్చేద్దాం. రుజువైతే భూమయ్య గారికి సంఘం ఇచ్చిన కాపలా కండువా వెనక్కి తీసుకోవాల్సిందేనండీ" అన్నారు. ముప్పయ్యేళ్లుగా ఆ కండువా లేకుండా ఆయన రోడ్డు మీదికి రావడం ఎవరూ చూడలేదు. అది తెలిసి కూడా నాకు ఆ పూట ఒక ముద్ద ఎక్కువే దిగింది.

మా ఇంటి సంగతి కూడా చెప్పాలి. నాంపల్లి స్టేషన్ వెనక రేకుల ఇల్లు, కిరాయిది. మా పాప రజనికి ఐదు నెలలు. అంత ఎండల్లోనూ మధ్యాహ్నం హాయిగా నిద్రపోతుందని, ఒంటి మీద ఒక్క చెమటకాయ లేదని మా ఆవిడ సునంద చెప్పేది. "నా పోలిక, గట్టి పిండం" అని నేను వీధంతా చాటేవాణ్ని.

మర్నాడు రెండు కొట్టింది, గురక మొదలైంది. మెట్ల కింద స్కూటర్ మీద నేను సిద్ధంగా ఉన్నాను. గాలి దిగింది. దుకాణం ముందు వేలాడే సంచులు ఊగాయి. ఫుట్‌పాత్ మీద పాత పుస్తకాల పేజీలు తిరిగాయి. నాంపల్లి స్టేషన్ దగ్గర ఆటోవాళ్ల చొక్కాలు ఉబ్బాయి. తర్వాత అది నేనెప్పుడూ వెళ్లని సందులోకి మళ్లి, ఒక ఇంటి పెరటి తలుపులోంచి లోపలికి దూరింది.

నోట్‌బుక్ తీసి రాసుకున్నాను: "రేకుల ఇల్లు. గొళ్లెం ఊడింది. ఇంటాయన బద్ధకస్తుడు కాబోలు." దండెం మీద మా సంఘం ఖాకీ చొక్కా ఆరేసి ఉంది. దొంగ మా సంఘంవాడే! ఆనందంతో గంతేశాను. అప్పుడు తలుపు తెరుచుకుని సునంద బయటికొచ్చింది.

"గీ యాళ్ల ఎనకకెల్లి వచ్చినవేంది?"

లోపల చీర ఊయల దానంతటదే ఊగుతోంది. పాప నిద్రలో ఉంది.

"సునందా, గీ గాలి..."

"మెల్లగ! పాప లేస్తది. ఏప్రిల్ల పిల్లకు ఒళ్లంత చెమటకాయలైతే, రెండు గంటలు గాలి ఇయ్యున్రి అని మీ సంఘానికి అర్జీ వెట్టిన. ఏం జవాబిచ్చిన్రు?"

గుర్తొచ్చింది. "సొంతవాళ్లకు ఇస్తే పక్షపాతం. తిరస్కరించడమైనది." రాసింది నేనే. అక్షరాలు గుండ్రంగా వచ్చాయని మురిసిపోయాను కూడా.

"ఆ కాయితం తెచ్చింది భూమయ్య కాకనే. పిల్ల ఏడుపు ఇన్నడు. 'రూల్ అంటే రూలే బిడ్డా, నేనేం జెయ్యలేను. గని నాకు రెండు కొడితే నిద్రొస్తది' అని వోయిండు. పోయినేడు గూడ గంతే. పక్క గల్లీల కమలక్క రొట్టెల పొయ్యి కాడ పదకొండింటికి గాలి కొడుతుండె."

సిగ్గుతో చచ్చిపోయాను. స్కూటర్ తోసుకుంటూ వెనక్కి వెళ్లాను, ఎక్కే మొహం లేక.

సాయంత్రం మీటింగుకు భూమయ్య కండువా ముందే మడత పెట్టి ఒళ్లో ఉంచుకుని కూర్చున్నాడు. నిజం చెబితే ఆ కండువా పోతుంది, పాప నిద్ర కూడా పోతుంది.

"చెప్పండి పరశురాం గారూ. గాలి ఎక్కడికెళ్లింది?"

"స్టేషన్ దాకా వెంబడించాను మేడం. తర్వాత నిద్ర పట్టేసింది."

"స్కూటర్ మీదా?"

"అవును మేడం."

సంఘమంతా పగలబడి నవ్వింది. సుబ్బరత్నం గారు నన్నూ భూమయ్యనూ మార్చి మార్చి చూశారు. "అయితే రేపట్నుంచి రెండింటికి ఇద్దరూ కలిసి కాయండి. ఒకరు పడుకుంటే ఇంకొకరు లేపాలి. ఇదే శిక్ష" అని లేచిపోయారు.

మర్నాడు రెండు కొట్టింది.

"కాకా, నేను గూడ పండాల్నా?"

"మరి? ఇప్పుడు డ్యూటీ ఇద్దరిది. ఒక్క కన్ను తెరిచున్నా అది కదలదు."

"ఇన్నేండ్లు నువ్వు నిజంగనే పండుకున్నవా?"

"యాడ నిద్ర బిడ్డా! కండ్లు మూస్త గని చెవులు మూస్తనా? మెట్లెక్కి వాపస్ వచ్చిన సప్పుడు ఇనేదాక పాణం వట్టదు. గురక మీకోసం, నమ్మాలె గద."

కళ్లు మూసుకుని నేనూ ఒక గురక పెట్టాను.

"గట్ల గాదు. స్కూటర్ స్టార్ట్ కానట్టుంది. జర నోరు తెరువు."

తెరిచాను. గాలి కదిలింది. పోతూ పోతూ నా మొహాన్ని తాకింది. ఆరేళ్లు కాపలా కాశాను కానీ, అది ఇంత చల్లగా ఉంటుందని నాకు తెలియనే తెలియదు. ఆ తర్వాత ఏం జరిగిందో చెప్పలేను, నిజంగానే నిద్రపోయాను.

నాలుగింటికి భూమయ్య భుజం తట్టాడు. "లే బిడ్డా. గాలొచ్చింది. పాప లేసి ఉంటది, ఇంటికి వోయి జర ఎత్తుకో."