సరస్సుకి కడుపుమంట

కురోబుచి సరస్సు ఒడ్డున ఒక బోర్డు ఉంది: "ఈ అగ్నిపర్వత సరస్సులో చేపలు ఏనాడూ లేవు. అందుకే ఇంత నీలం." ఆ సరస్సులోనే ఇరవై ఏళ్లు వల వేసిన ఫుకి బామ్మ రోజూ ఆ బోర్డు ముందునుంచే నడిచేది. పల్లెత్తు మాట అనలేదు. అది రాసింది నేను, ఊరి కార్యాలయంలో పర్యాటక గుమాస్తాని. కరెంటు కోసం కొండమీది యాసిడ్ ఏటిని ఇందులోకి మళ్లించారనీ, ఏడాదిలో చేపలన్నీ వెల్లకిలా తేలాయనీ నాకు తెలుసు. పైవాళ్లు వద్దన్నారు. రాయలేదు.

బామ్మకి ఒకటే పిచ్చి: గుడ్డు పెంకులు. తెల్లారితే వీపున బుట్టతో ఇంటింటికీ తిరిగేది.

"ఒరే గెన్‌రోకూ, గుడ్డు తిన్నావా?"

"తిన్నానక్కా."

"ఏదీ, పెంకు చూపించు!"

ఒకసారి మేయరు ఉపన్యాసం మధ్యలో లేచి, "అయ్యా, మీరు తిన్నారా?" అంది. పాపం, ఆయన జేబులు తడుముకున్నాడు.

ఆ పెంకులు దంచి సరస్సులో చల్లేది.

"ఏంటి బామ్మా ఇది?"

"మందు. కొండ కడుపు పేలి పుట్టిన సరస్సాయె, మంట ఉండదూ? పైగా మీవాళ్లు పుల్లటి ఏరు తాగించారు."

"ఇంత సరస్సుకి గుప్పెడు పెంకులా!" అని టూరిస్టుల ముందు నవ్వాను. వాళ్లూ నవ్వారు. బామ్మా నవ్వింది. ఆ నవ్వే ఇప్పటికీ గుచ్చుకుంటోంది.

మొన్న చలికాలం మంచులో జారి బామ్మ కాలు విరిగింది. ఇంటింటికీ తిరగడం ఆగకూడదని పట్టుబడితే బుట్ట నా వీపుకెక్కింది. సాయంత్రం వచ్చి, గెన్‌రోకు దగ్గర పెంకు లేదని చెప్పాను. పక్కమీంచి సగం లేచింది.

"అంటే వాడు పొయ్యి వెలిగించలేదన్నమాట! పో, వేడి ఊటలో రెండు గుడ్లు ఉడకేసి పట్టుకెళ్లు. సరస్సుకి పెంకులు కావాలి, కాస్త తినిపెట్టమను. ఊరికే ఇస్తే ముట్టుకోడు."

"మరి సరస్సు మందో?"

"చాలదని నాకు తెలీదట్రా? చేపలు పోయాయి, వాటి వెనకే పిల్లలూ ఊరొదిలి పోయారు. ఈ ముసలాళ్లు తిన్నారో లేదో ఎవరడుగుతారు?"

"బోర్డు చూసి నన్నెందుకు తిట్టలేదు?"

"తిడితే మర్నాడు నీ గుమ్మంలోకి రానిస్తావా? నువ్వూ ఒంటిగాడివేగా."

అప్పుడు గుర్తొచ్చింది, పదకొండేళ్లుగా నా గుమ్మంలోనూ పెంకు అడుగుతోందని. లేచి గుడ్లు ఉడకేయడానికి ఊట దగ్గరికి నడిచాను.

బోర్డు మార్చమని అర్జీ పెట్టాను. ఒక్కడి మాట చాలదట. అందుకే అడుగుతున్నాను: ఆ నీలం చూసి మురిసే ముందు మా కార్యాలయానికి ఒక ఉత్తరం ముక్క రాయండి. ఇక్కడ ఎర్రపొట్ట చేపలు ఉండేవనీ, అవి ఎలా పోయాయో కూడా బోర్డు మీద రాయమని అడగండి.

వచ్చేటప్పుడు గుడ్డు తిని రండి. బామ్మ ఇప్పుడు కర్ర పట్టుకుని బోర్డు దగ్గరే ఉంటోంది. పెంకు చూపించందే కదలనివ్వదు.