మిద్దెల్లేని ఊళ్ళో లిఫ్టు

మా కెమెల్ మావయ్యకి ఉన్నది ఒకటే పిచ్చి. రోజూ టీ తాగాక లిఫ్టెక్కి వేరే లోకానికి వెళ్ళొస్తాడు. మనిషన్నాక ఏదో ఒకటి ఉంటుంది, తప్పు పట్టకూడదు. కాకపోతే మా ఊళ్ళో రెండంతస్తుల ఇల్లు ఒక్కటి కూడా లేదు.

ఇస్సిక్-కుల్ సరస్సు ఒడ్డున పాత విశ్రాంతి భవనాన్ని పడగొట్టినప్పుడు ఊళ్ళోవాళ్ళంతా తలుపులూ కిటికీలూ తెచ్చుకున్నారు. మావయ్య లిఫ్టు పెట్టెని గుర్రబ్బండి మీద వేసుకొచ్చి కోళ్ళదొడ్లో నిలబెట్టాడు. దానికి తాళ్ళు లేవు, కరెంటు లేదు, పైన ఆకాశం తప్ప మరేం లేదు. లోపల మాత్రం ఐదు మీటలున్నాయి. ఒక్కో మీటకి ఒక్కో లోకమట.

"ఇది కదలదు కదా మావయ్యా?" అన్నాను ఓసారి.

"రైలెక్కితే నీకేం కదిలినట్టుంటుంది?"

"చెట్లు."

"ఇందులో ఎక్కితే చెట్లు కూడా కదలవు. అంత మెత్తగా పోతుంది."

మూడో లోకం అచ్చం మనదానిలాగే ఉంటుందట, అత్తయ్య చేసిన చారులో ఉప్పు సరిపోవడం ఒక్కటే తేడా అట. ఈ మాట అత్తయ్య ఎదురుగానే అన్నాడు. ఆ పూట భోజనం కూడా అక్కడే చేసి రమ్మంది అత్తయ్య.

పోనీ, వెళ్ళి ఊరికే వస్తాడా? తలుపు తెరుస్తూనే "సుయున్చు!" అని అరుస్తాడు. మాలో శుభవార్త తెచ్చినవాడు అలా అరిస్తే, అదేమిటో వినకముందే వాడి చేతిలో ఏదో ఒకటి పెట్టాలి. పెట్టకపోతే పరువు తక్కువ.

"సుయున్చు, బూరుల్ అవ్వా! నాలుగో లోకంలో నీ కోడలు నీ బొంతల కుట్టుపని చూసి మురిసిపోతోంది."

"ఇక్కడి కోడలు నోరే విప్పదు కదరా!"

"అది నా చేతిలో లేదవ్వా."

అవ్వ సణుక్కుంటూనే నాలుగు ఎండు పెరుగుండలు ఆయన జేబులో పోసేది.

మా నాన్న దగ్గరా ఇదే పాట. "సుయున్చు, బావా! నాలుగో లోకంలో మీ అన్నయ్య నీ మోకాలి నొప్పి ఎలా ఉందని అడిగాడు."

నాన్న మూతి ముడుచుకునేవాడు. కాసేపటికి, "నువ్వేమన్నావ్?" అనేవాడు.

"చలికి ఎక్కువైందన్నాను."

"ఎక్కువేం లేదని చెప్పు. అయినా ఆ లోకంవాడితో మనకెందుకు!"

ఎందుకంటే ఈ లోకంలో నాన్నకీ సపార్‌బై పెదనాన్నకీ మాటల్లేవు. తాతయ్య సంస్మరణ విందులో మాంసం పంచింది నాన్న. గొర్రె తుంటి ఎముక పెద్దవాడికి దక్కాలి. నాన్న కంగారులో దాన్ని ఎవరో దూరపు చుట్టం పళ్ళెంలో వేసి, సొంత అన్నకి ముందుకాలి ఎముక పెట్టాడు. అదీ పదిమందిలో! పెదనాన్న రొట్టె చేతిలోకి తీసుకుని, "ఇక నీతో మాట్లాడితే ఈ రొట్టె నన్ను కొట్టుగాక" అని లేచిపోయాడు. రొట్టె మీద ఒట్టు పెట్టుకుంటే మాలో దానికి తిరుగులేదు.

అలా ఉండగా నాకు పెళ్ళి కుదిరింది. కాబోయే అత్తగారు వచ్చి నా చెవులకి కమ్మలు కూడా పెట్టి వెళ్ళింది. పెళ్ళిలో చేతులెత్తి దీవించాల్సినవాడు ఇంటికి పెద్ద, అంటే పెదనాన్న. నాన్నేమో "అన్నయ్య దీవెన లేని పెళ్ళి నా గడపలో జరగదు, అలాగని నేను వెళ్ళి పిలవను" అన్నాడు. పెదనాన్నేమో "తమ్ముడు పిలవందే ఎలా వస్తాను? పిలిస్తే మాత్రం ఎలా పలుకుతాను?" అన్నాడట. గొర్రెలు వేసవి మేతకి కొండలెక్కేలోపు పెళ్ళి కాకపోతే వేరే సంబంధం చూసుకుంటామని అబ్బాయివాళ్ళు కబురు పెట్టారు. నాకా అబ్బాయంటే ప్రాణం. ఏడుపొచ్చింది, ఏడ్చాను.

ఏడుస్తూనే మావయ్య దగ్గరికి వెళ్ళాను. ఆయన కోళ్ళకి గింజలు చల్లుతూ అంతా విన్నాడు.

"నాలుగో లోకంలో మీ నాన్న ఎముకలు సరిగ్గానే పంచాడు," అన్నాడు.

"నా కొంప మునుగుతుంటే ఎముకల గోలేంటి మావయ్యా!"

"అంటే అక్కడ ఎవరూ ఒట్టు పెట్టుకోలేదు కదే పిచ్చి మొద్దూ."

మర్నాడే అన్నదమ్ములిద్దర్నీ లిఫ్టు దగ్గరికి రప్పించాడు. నాన్న ముందే ఎక్కి గోడవైపు తిరిగి నిలబడ్డాడు. పెదనాన్న గుమ్మం దగ్గర ఆగిపోయాడు.

"అక్కడ మాట్లాడితే ఇక్కడి రొట్టెకి తెలీదూ?"

"ఎలా తెలుస్తుంది? అక్కడి పిండే వేరు," అన్నాడు మావయ్య.

పెదనాన్న ఎక్కాడు. మావయ్య నాలుగో మీట నొక్కి, బయటికొచ్చి తలుపేశాడు. అప్పటికే సగం ఊరు కోళ్ళదొడ్లో ఉంది. ఆ పెట్టె ఉత్త రేకు, లోపల దగ్గినా బయటికి వినిపిస్తుంది. మేమంతా కోళ్ళని చూడ్డానికి వచ్చినట్టు నిలబడ్డాం.

ముందు లోపల రేకు కిర్రుమంది. తర్వాత పెదనాన్న గొంతు వినబడింది.

"వచ్చేశామంటావా?"

"వచ్చినట్టే ఉందన్నయ్యా."

"మోకాలెలా ఉందిరా?"

"ఫర్వాలేదు."

"అబద్ధాలాడకు. చలికి ఎక్కువైందని కెమెల్ చెప్పాడు. ఎన్నిసార్లు అడిగించాను వాడిచేత!"

నేను చటుక్కున మావయ్య వైపు చూశాను. ఆయన ఓ కోడిపెట్టని తదేకంగా చూస్తున్నాడు. నా పక్కన బూరుల్ అవ్వ తన కోడలి వైపు తిరిగింది.

"ఆ బొంతల మాట... నువ్వే అన్నావుటే?"

"అన్నానత్తా. మీ ఎదురుగా అనాలంటే సిగ్గేసింది," అంది కోడలు.

ఇన్నాళ్ళూ ఈ మహానుభావుడు వెళ్ళొచ్చింది మహా అయితే పక్కవీధికన్నమాట. నాకు నవ్వూ ఏడుపూ కలిసొచ్చాయి.

లోపల ఈసారి నాన్న మాట వినబడింది. "తప్పయిపోయిందన్నయ్యా. ఆ రోజు కంగారులో..."

"ఊరుకోరా. ఇక్కడ సరిగ్గానే పంచావట కదా."

నేను తలమీది కొత్త రుమాలు విప్పి మావయ్య చేతిలో పెట్టబోయాను. ఆయన తీసుకోలేదు.

"సుయున్చు వార్త తెచ్చినవాడికమ్మా. ఇది నీ చెవులతో నువ్వే విన్నావుగా," అన్నాడు.

అయినా ఒట్టు ఒట్టే. లిఫ్టు దిగగానే అన్నదమ్ములిద్దరూ ముఖాలు తిప్పుకుని చెరో దారినా వెళ్ళిపోయారు. అందుకని నా పెళ్ళి దీవెన కూడా లిఫ్టులోనే ఏర్పాటైంది. పెళ్ళికొడుకూ నేనూ ఓ మూల ఒదిగాం. రెండో మూల నాన్న తుంటి ఎముక పళ్ళెం పట్టుకుని నిలబడ్డాడు. పెదనాన్న ఎక్కగానే నాన్న సంతోషం పట్టలేక "అన్నయ్యా!" అనేశాడు. పెదనాన్న కంగారుగా చెవులు రెండూ మూసుకుని బయటికి కేకేశాడు.

"ఒరే కెమెల్, ముందా తలుపెయ్యరా! మేమింకా ఈ లోకంలోనే ఉన్నామని చెప్పు వాడికి!"