ట్రే మోసే ఆమె

నా పక్క మంచం హెల్పర్ గుర్తొస్తే ఇప్పటికీ నాకు ఒళ్లు మండుతుంది. గల్ఫ్ యుద్ధం మొదలవగానే మా ఫ్రెంచ్ ఇంజనీర్ టీవీ, వీసీఆర్, సంచి నిండా తన దేశపు సినిమాల క్యాసెట్లు మా గదిలో వదిలేసి వెళ్లిపోయాడు. ఇక సౌదీలోని అభా క్యాంపులో టీవీ ఉండీ మాకు వార్తలు బంద్. ఆ జగిత్యాల హెల్పర్ ఎప్పుడూ ఆ క్యాసెట్లే పెట్టేవాడు, ఏది పెట్టినా ఒక్క నటి కోసమే చూసేవాడు. ఆమె ఒకదాంట్లో నర్సు, ఇంకోదాంట్లో పనిమనిషి. ట్రే తెచ్చి, రెండు మాటలు చెప్పి పోతుంది. వీడు వెనక్కి తిప్పి మళ్లీ చూస్తాడు.

"రియాద్ మీద మిసైళ్లు పడుతున్నయట, వార్తలు పెట్టురా!" అని అరిచాను.

"ఆగరాదన్నా. ఇన్ని సినిమాలాయె, ఆమెతోని ఇంకా ట్రేనే మోయిస్తున్నరు."

"నువ్వు మాత్రం? వచ్చినప్పటి సంది హెల్పరువే గదరా!"

"నాకు పని రాకపాయె అన్నా," అన్నాడు, తెర మీంచి కళ్లు తిప్పకుండా. "ఆమెకు యాక్టింగ్ వస్తది గద!"