గోదావరిఖనిలో ఓడ సరుకు

మాకు సముద్రం లేదు. ఉన్నది గోదావరి, అదీ ఎండాకాలం మోకాలి లోతు. అయినా డెబ్బైల మొదట్లో గోదావరిఖని మెయిన్ రోడ్డు మీది నా ఫ్యాన్సీ స్టోరుకు వచ్చిన ప్రతివాడూ ముందుగా అడిగే మాట, "అన్నా, ఓడ సరుకు దిగిందా?" అని. ఓడ సరుకంటే గోధుమలు కాదు, యంత్రాలు కాదు. తలకు రాసుకునే క్రీము, జుట్టును నిగనిగలాడించే పచ్చ నూనె, లేపిన కుచ్చు పడిపోకుండా నిలబెట్టే జిగురు. ఒంటినిండా బొగ్గు పూసుకుని బతికే ఊరికి నెత్తి మీద మాత్రం ఇంగ్లండు కావాలి.

అమ్మినవాణ్ని నేనే కాబట్టి వెక్కిరించే హక్కు నాకే ఎక్కువ ఉందనుకుంటాను. మొదటి షిఫ్టు దిగి వచ్చిన కుర్రాళ్లు సబ్బు అరిగేదాకా ఒళ్లు రుద్దుకుని, అర సీసా క్రీము పట్టించి, నున్నగా దువ్వి, చెవుల పక్కన జుట్టు దించుకుని రోడ్డెక్కేవారు. రోడ్డు మీద బొగ్గు లారీలు. ఒక గంట తిరిగేసరికి లేచిన పొడి అంతా ఆ జిడ్డుకు అతుక్కునేది. అంత చక్కగా స్నానం చేసినవాడు గనిలోంచి వచ్చినప్పటికంటే నల్లగా ఇంటికి పోయేవాడు. క్వార్టర్లలో ఏ ఇంట్లో చూసినా దిండు మీద గుండ్రంగా ఒక నల్లమచ్చ. ఆడవాళ్లు ఆ గలీబులు ఉతకలేక నన్ను తిట్టిపోసేవారు. ఒకామె నా దుకాణం ముందే నిలబడి, "గింత జిడ్డు కొనుడెందుకు, నెత్తి తీస్కపోయి బొగ్గుల పెడితే అయిపాయె గదా!" అని అరిచింది. ఆమె అన్నదాంట్లో తప్పేమీ లేదు. మర్నాడు ఆమె కొడుకే వచ్చి ఇంకో సీసా పట్టుకుపోయాడు.

సరుకు తెచ్చేది ఒక హైదరాబాదు ఏజెంటు. టెర్లిన్ చొక్కా, నల్ల కళ్లద్దాలు, చేతిలో తోలు సూట్‌కేసు. రామగుండం స్టేషన్లో దిగి రిక్షాలో వచ్చేవాడు. బయటి దేశాల సరుకు రాకుండా సర్కారు తలుపులు బిగించిన రోజులవి. బిగించేకొద్దీ మనవాళ్లకు వాటి మీద మోజు పెరిగింది. బొంబాయి రేవులో కస్టమ్స్ వాళ్ల కన్నుగప్పి పెట్టెలు ఎలా దించుతారో ఏజెంటు గొంతు తగ్గించి చెబుతుంటే మా ఊరి పెద్దమనుషులు కూడా నోరు తెరుచుకుని వినేవారు. వాడి దగ్గర దేశాలు మారుతుండేవి. ఒక ఏడాది ఇంగ్లండు, మరుసటి ఏడాది జర్మనీ. ఆ పైన ఒకసారి వచ్చి, "జర్మనీ పని ఖతం భాయ్, ఇప్పుడంతా జపాన్ నడుస్తుంది" అన్నాడు. జర్మనీకి ఏమైందని ఎవరూ అడగలేదు. దేశం మారేది, లేబుల్ మీద దొరసాని మారేది, సీసా మాత్రం మన దవాఖానలో దగ్గు మందు పోసే సీసాయే. వాసన మూడు దేశాలకూ కలిపి ఒకటే మల్లెపూల వాసన. ఇంగ్లండులో మల్లెలు పూస్తాయా అని ఒక్క మగాడికీ అనుమానం రాలేదు. నాకు వచ్చింది. వచ్చినా నోరు మూసుకున్నాను.

ఒక దసరా ముందు సరుకు అందక నేనే హైదరాబాదు వెళ్లాను. ఏజెంటు ఇంట్లో లేడు. వాళ్లావిడ ఒక గల్లీ గుర్తు చెప్పి అక్కడ ఉంటాడని పంపింది. పోయి చూస్తే రేకుల షెడ్డు. మధ్యలో పెళ్లిళ్లలో పప్పు వండే గుండిగ. అందులో మైనమూ నూనే కలిపి ఒకతను కర్రతో తిప్పుతున్నాడు. ఇద్దరు ఆడవాళ్లు గరాటు పెట్టి సీసాలు నింపుతున్నారు. ఒక మూల తగరపు డబ్బాలో నల్లటి నీళ్లు కలిపి పెట్టి ఉన్నాయి. అది జుట్టుకు వేసే రంగు. పై నుంచి తాడు కట్టి జపాన్ లేబుళ్లు ఆరేశారు, పక్కనే ఎవరిదో లంగా కూడా ఆరుతోంది. ఏజెంటు నన్ను చూసి కొంచెం కూడా తడబడలేదు. చాయ్ తెప్పించాడు. నాకైనా కోపం రావాలి కదా, రాలేదు. ఇకమీద ఓడ కోసం ఎదురుచూడక్కర్లేదని సంతోషం వేసింది. నా బుద్ధి గురించి ఇంతకంటే వేరే సాక్ష్యం అక్కర్లేదు.

తిరిగి వచ్చి ఎవరికీ చెప్పలేదు. ఇంకా గట్టిగా ఓడ కథలు చెప్పాను.

ఇక్కడ మా బావ సంగతి చెప్పాలి. అక్క భర్త. నన్ను పెంచింది ఆయనే. కమాన్‌పూర్ పక్క పల్లెలో మా నాయన పోయాక నన్ను తన క్వార్టర్‌కు తెచ్చుకుని బడికి పంపాడు, నాకు చదువు అంటకపోతే ఒక్క మాట అనకుండా ఈ దుకాణం పెట్టించాడు. తను బెల్లంపల్లి గనిలో చేరినప్పుడు ఆయనకు పదహారేళ్లు. ఆ వయసువాణ్ని లోపలికి దింపరు కాబట్టి పనికి తీసుకుపోయిన సర్దారు ఇరవై రెండని రాయించాడు. పుట్టిన తేదీ కాగితాలు ఎవరి దగ్గర ఉన్నాయి గనక? గోదావరిఖనిలో కొత్త గనులు పడ్డాక బదిలీ మీద ఇటు వచ్చాడు, ఆ రాత కూడా ఆయనతో పాటే వచ్చింది. చివరికి కాగితం మీద అరవై నిండాయి, మనిషికి యాభై నాలుగే. పని మానుకొమ్మని నోటీసు చేతికి వచ్చింది. ఇంకా ఆరేళ్లు ఆయన కష్టపడగలడు, ఇద్దరు పిల్లలు ఇంకా బళ్లోనే ఉన్నారు, పని పోతే క్వార్టరూ పోతుంది.

వయసు తప్పు పడిందని అర్జీ పెట్టుకుంటే డాక్టర్ల ముందుకు పిలిచేవారు. వాళ్లు మనిషిని చూసి ఏది రాస్తే అదే వయసు. మా కాలనీలో అంతకు ముందు ఒకాయన నెరిసిన తలతో పోయి, ఉన్న అరవై ఉన్నట్టే రాయించుకుని వచ్చాడు. దాంతో కాలనీ అంతా తీర్పు చెప్పేసింది: నెత్తి నల్లగుంటే నౌకరి ఉంటది. గనిలో ఇంతింత బండలు పగలగొట్టే మగాళ్లు, వెంట్రుకల రంగు మీద నౌకరి నిలబడుతుందని నమ్మారు. బావ తల అప్పటికే సగానికి పైగా తెల్లబడింది.

ఒక సాయంత్రం బావ, అక్క ఇద్దరూ దుకాణానికి వచ్చారు. కొనేవాళ్లు నలుగురైదుగురు నిలబడి ఉన్నారు.

"బామ్మర్దీ, నీ కాడ జపాన్ రంగు ఉన్నదట గదా. అసలైంది చూసి ఒకటియ్యి" అన్నాడు బావ.

అక్కకు ఇష్టం లేదు. "రంగెందుకు నీకు? ఉన్న వయసు ఉన్నట్టు చెప్పరాదు? గంతగనం గావాల్నంటే గుంటగలగరాకు నూనె కాచి ఇస్త, నెల రోజులు రాస్కో."

"నెలెక్కడున్నదే? సోమారం పిలిచిన్రు."

అక్క నా వైపు తిరిగింది. "ఏందిరా తమ్మీ, మంచిదేనా ఇది? ఖరాబైతే ఆయన నౌకరే పోతది."

ఆ రేకుల షెడ్డు, తగరపు డబ్బా నా కళ్ల ముందు ఆడాయి. వద్దని ఒక్క మాట అంటే చాలు. కానీ ఎందుకు వద్దో చెప్పాలి. పక్కన నిలబడ్డవాళ్లు చెవులు రిక్కించి వింటున్నారు. వాళ్ల ముందు నా ఓడ మునిగిపోతుంది. లోపలికి పిలిచి చెవిలో చెప్పొచ్చు కదా అని మీరు అడగొచ్చు. నేనూ ఇన్నేళ్లుగా అదే అడుగుతున్నాను. అప్పుడు మాత్రం, "ఓడ సరుకక్కా. నెల దాక చెక్కు చెదరదు" అన్నాను.

ఆదివారం నేనే పోయి పళ్లు తోముకునే బ్రష్షుతో రంగు పట్టించాను. ఆరాక చూస్తే బావ తల గేదె వీపులా నల్లగా మెరిసింది. మనిషి అద్దం వదల్లేదు. "పెండ్లినాడు గూడ గింత నల్లగ లేకుండె" అని మురిసిపోయాడు. అక్క కూడా నవ్వింది. నాకు గర్వంగా ఉంది, సిగ్గు లేకుండా చెబుతున్నాను.

సోమవారం దవాఖాన వరండాలో యాభై మంది దాకా ఉన్నారు. రోహిణి ఎండ. కొందరు షిఫ్టు దిగి గని నుంచి అటే వచ్చారు, బావ మాత్రం పొద్దున్నే స్నానం చేసి తెల్ల చొక్కా వేసుకున్నాడు. ఆయనకు చదువు రాదని నన్ను తోడు తీసుకుపోయాడు. రెండు గంటలు లైన్లో నిలబడ్డాం. అందరికీ చెమటలు కారుతున్నాయి. బావ చెవి వెనకనుంచి ఒక నల్లటి చార మెడ మీదుగా కాలర్‌లోకి దిగింది. నేను చూశాను. వెనకవాళ్లూ చూశారు. ఎవరికీ ఏమీ అనిపించలేదు. ఇంకే ఊళ్లోనైనా నలుగురూ కేక పెట్టి చెప్పేవారు. మా ఊళ్లో మెడ మీద చెమట నల్లగా కారకపోతేనే వింత. నలభై ఏళ్లుగా నల్లచెమట తుడుచుకున్న మనిషి, చేత్తో ఒకసారి తుడుచుకుని ఆ చెయ్యి పంచెకు రాసుకున్నాడు. అంతే.

పిలుపు వచ్చింది, లోపలికి పోయాం. ఇద్దరు డాక్టర్లు. పెద్దాయన పళ్లు చూశాడు, కళ్లు చూశాడు, మోకాళ్లు వంచమన్నాడు. అంతా బాగానే ఉన్నట్టు తల ఆడించాడు. తల వైపు ఆయన చూడనే లేదు, మేము అంత ఫికర్ పడింది ఆ తల గురించే. ఆఖరున వెనక్కి తిరగమని, మెడ మీద చార చూసి, దూదితో తుడిచి వెలుతురులో పెట్టుకున్నాడు.

"డ్యూటీ దిగి వచ్చావా?"

అవునంటే అయిపోయేది. దూది మీద బొగ్గు ఉంటే ఆ దవాఖానలో ఎవడికి వింత?

"లేద్సార్. తానం జేసి ఇంటికాన్నుంచే వస్తున్న."

"మరి ఇదేంటి?"

బావ మొహం వెలిగింది. "రంగు సార్. ఓడల వచ్చింది, జపాన్ది. మా బామ్మర్ది తెచ్చిండు" అని నన్ను చూపించాడు.

చిన్న డాక్టరు నవ్వాపుకోలేకపోయాడు. పెద్దాయన నవ్వలేదు. "వయసు దాచడానికి తలకు రంగేసుకుని వచ్చినవాడివి, యాభై నాలుగంటే నిన్నెలా నమ్మాలయ్యా?" అన్నాడు. ఆయన్ని తప్పు పట్టలేను, ఆయన చేతిలో ఉన్న దూది అలా ఉంది. కాగితం మీద పాత వయసే ఖాయం చేశాడు. ఆ గదిలో అడిగినదానికల్లా ఉన్నది ఉన్నట్టు చెప్పింది మా బావే, అబద్ధాలకోరని రాయించుకుని బయటికి వచ్చిందీ ఆయనే.

ఆరేళ్ల పని పోయింది. క్వార్టరు ఖాళీ చేసి ఊళ్లో పెంకుటింట్లో చేరారు. పెద్ద పిల్లవాడు బడి మానేసి గనికి పోయాడు, వాడి వయసూ ఎవరో పెంచి రాయించే ఉంటారు. అక్క నన్నేమీ అడగలేదు. అడిగితే బాగుండేదని ఇప్పటికీ అనిపిస్తుంది.

నేను దుకాణం మూశాననుకుంటున్నారా? మరుసటి ఏడాదికి ఇటలీ వచ్చింది. పనిలేని బావ పొద్దుపోక వచ్చి నా దుకాణం బల్ల మీద కూర్చునేవాడు. నెత్తి మళ్లీ తెల్లబడింది. ఆయన ముందు నేను ఎప్పుడైనా తల దించుకుంటే ఆయనే నన్ను ఓదార్చేవాడు: "గట్ల బాధపడకురా. సరుకు మంచిదే. నాకే చెమటెక్కువ."

ఒకరోజు కొత్తగా పనిలో చేరిన ఇద్దరు సీసా అటూ ఇటూ తిప్పి చూస్తూ, ఇది నిజంగా బయటి దేశందేనా అని అనుమానపడ్డారు. నేను నోరు తెరిచేలోగా బల్ల మీద నుంచి బావ అందుకున్నాడు.

"తీస్కపోండ్రి బిడ్డా. మా బామ్మర్ది దొంగసరుకు అమ్మడు."

వాళ్లు మారుమాట లేకుండా ఒప్పుకున్నారు. నేను ఆ సీసాను కాగితంలో చుట్టి వాళ్ల చేతిలో పెట్టాను.