చెత్తత్త కప్పిన నిమ్మతోట

మా మేనత్తను వీధంతా చెత్తత్త అంటుంది. ఆవిడ ఏనాడూ నొచ్చుకోలేదు సరికదా, పిలిస్తే పలుకుతుంది. ఎవరింటి ముందు ఎండుటాకులు రాలినా గోనెసంచితో ప్రత్యక్షం. వాటిని తీసుకెళ్లి తన తోటలో మొక్కల మొదళ్ల చుట్టూ మందంగా పరుస్తుంది.

ఆ పక్కనే ఆవిడ అన్నయ్య, అంటే మా నాన్న నిమ్మతోట. నాన్నకు శుభ్రత పిచ్చి. రాలిన ఆకును రాలినట్టే ఊడ్చి తగలబెట్టేవాడు. చెల్లెలి తోట కంటపడితే మొహం తిప్పుకునేవాడు.

ఆ ఏడు వాన మొహం చాటేసింది. ఇద్దరికీ ఉన్న ఒక్క బావీ అడుగంటింది. ఊరిన కాసిని నీళ్లనే వంతులేసుకుని వాడుకున్నారు. నాన్న పొద్దున పోసిన తడి సాయంత్రానికి ఉండేది కాదు. నున్నగా ఊడ్చిన నేల నెర్రెలిచ్చింది, నిమ్మాకులు ముడుచుకుపోయాయి. ఆ చెట్లు పోతే మళ్లీ నాటి కాపుకు తెచ్చే వయసు కాదు నాన్నది. ఆ సంగతి ఇంట్లో అందరికీ తెలుసు.

అత్త తోట మాత్రం పచ్చగానే ఉంది. ఓ ఉదయం నాన్న కంచె దాటి వెళ్లి, వెనకే వచ్చిన అమ్మనూ నన్నూ గమనించక, ఎవరూ చూడట్లేదనుకుని, ఆకులు పక్కకు తోసి నేల మీద చెయ్యి పెట్టాడు. చల్లగా, తడిగా ఉంది.

"ఏంటన్నయ్యా, ఏమన్నా పోగొట్టుకున్నావా?" వెనక నుంచి అత్త.

నాన్న ఉలిక్కిపడ్డాడు. "నీళ్లు ఎక్కువ పోస్తున్నావేమోనని చూస్తున్నా."

"నీకంటే ఒక్క బిందె ఎక్కువ పోస్తే ఒట్టు! ఎండ తాగెయ్యకుండా కప్పానంతే. నువ్వేమో గొడుగు లాగేసి, ఎండ కొడుతోందంటావు."

నాన్న తను తోసిన ఆకుల్ని మళ్లీ మొదట్లోకి సర్ది, "ఓ రెండు సంచులుంటే ఇస్తావా?" అన్నాడు. ఆయన నోట 'ఇస్తావా' అన్న మాట వినడం నాకదే మొదలు.

అత్త పగలబడి నవ్వింది, ఆ నవ్వులోనే కళ్లు తుడుచుకుంది. అప్పటికప్పుడు తన పాదుల్లోంచి సగం ఆకులు సంచుల్లోకి ఎత్తి పోసింది.

"మరి నీ మొక్కలకో?" అంది అమ్మ కంగారుగా.

"వీధి ఉందిగా వదినా, పదండి!"

ఇంటిల్లిపాదిమీ చీపుళ్లు పట్టుకుని బయల్దేరాం. వాన చాలా ఆలస్యంగా వచ్చింది. చివరి వరసలో కొన్ని చెట్లు ఎండిపోయాయి, మిగతావన్నీ చిగురించాయి.

మొన్న ఎదురింటి దర్జీ, "చెత్తన్నయ్యా, మా వాకిలి నిండా ఆకులు!" అని కేకేశాడు. ఇక యుద్ధమే అనుకున్నాను నేను.

"ఆ, వస్తున్నా, తగలబెట్టకు!" అంటూ నాన్న గోనెసంచి దులిపి భుజాన వేసుకున్నాడు.